పామర్రు కూడలి: ప్రయాణము – సాంగత్యము

విజయవాడనుండి బందరునకు దారులు రెండు. మొదటిది ఇనుపదారి, అది గుడివాడమీదుగా పోవును. రెండవది రాజమార్గము, అది కంకిపాడు, ఉయ్యూరు దాటి పామర్రుమీదుగా పోవును. 1908లో బెజవాడనుండి బందరునకు రైలు వేసినపుడు పామర్రునకు స్టేషను దక్కలేదు. 1928లో గుడివాడనుండి భీమవరమునకు మఱియొక మార్గము వేసినపుడును దక్కలేదు. రైలు రాని యూరు చిన్నవోవునని లోకులు తలతురు. పామర్రు చిన్నవోలేదు. పడమట విజయవాడ, ఆగ్నేయమున బందరు, ఈశాన్యమున గుడివాడ, దక్షిణమున కూచిపూడి, చల్లపల్లి, వాని కావల దివిసీమ — ఇన్ని దిక్కుల దారులు ఇచట కలియుటచే, రైలీయని ప్రాముఖ్యమును ఈ యూరికి రోడ్డు ఇచ్చినది.

దివిసీమనుండి గుడివాడకు పోవలసినవాడు ఇచట బస్సు దిగి మఱియొక బస్సునకై నిలువవలెను. విజయవాడనుండి కూచిపూడికి పోవువానికిని తఱచుగా అదే గతి. ఈ నిలుచుటయే పామర్రు కూడలికి జీవనాధారమైనది. టీ కాచువాడు, అరటిపండ్లమ్మునామె, సోడాలమ్మువాడు, పత్రికలమ్మువాడు — వీరందఱును నిలిచినవారివలన బ్రదికినవారే. నిలిచినవారు మాత్రము ఊరక నిలుతురా? “ఏ యూరండీ మీది?” అని యొకరు మొదలుపెట్టుదురు. “ఎవరి తాలూకు?” అని రెండవ ప్రశ్న వచ్చును. మూడవ ప్రశ్నకు ఏదో యొక చుట్టరికమో, పొలము సరిహద్దో, చదువుకొన్న బడియో బయటపడును. బస్సు వచ్చునప్పటికి ఇరువురును ఒకే బల్లపై కూర్చుండుటకు తగినంత పరిచయస్థులగుదురు.

మొన్న నొక సాయంకాలము మేము ఆ కూడలి ప్రక్కన కొంతసేపు నిలిచి చూచితిమి. కార్లు వచ్చుచున్నవి, పోవుచున్నవి. అద్దములన్నియు బిగించియున్నవి. అయిదుగురు కూర్చుండదగిన బండిలో పలుమాఱు ఒక్కడే కూర్చుండి యుండెను. ముందు కారులోనివాడును వెనుక కారులోనివాడును ఒకే యూరివారై యుండవచ్చును. ఒకే పెండ్లికి పోవుచుండవచ్చును. ఒకరినొకరు ఎఱుగకయే కూడలి దాటిపోయిరి. దారులు కలియుచునే యున్నవి. మనుష్యులు కలియుట మాత్రము తగ్గినది. ఇది యెట్లు సంభవించెను? పూర్వపు సాంగత్యము నిజముగా మనము తలచునంత మధురమైనదా? పోయినదానిని మరల తెచ్చుట సాధ్యమా? సాధ్యమైనను యుక్తమా? ఈ ప్రశ్నలకు దారుల చరిత్రమే సమాధానము చెప్పవలయును.

కాశికి పోయినవాడు కాటికి పోయినవానితో సమానమని మనవారు సామెత చెప్పిరి. దొంగల భయము, రోగభయము, వరదల భయము గల ఆ దినములలో ఒంటరిగా బయలుదేరుట ప్రాణముమీది మాట. కావున బాటసారులు గుంపులుగానే పోయిరి. ఏనుగుల వీరాస్వామయ్యగారు 1830లో చెన్నపట్టణమునుండి బయలుదేరి కాశికి పోయి 1831లో తిరిగివచ్చిరి. వారి కాశీయాత్రాచరిత్రము తెలుగువారి యాత్రాగ్రంథములలో ప్రసిద్ధమైనది. వారు పల్లకిలో పోయిరి. వెంట పెద్ద పరివారముండెను. ఈ సాంగత్యమును మనము మెచ్చుకొందము. కాని పల్లకి యెట్టి వాహనమో మఱువరాదు. లోపల నొక్కడు కూర్చుండును. అతని బరువును బోయీలు భుజములపై మోయుదురు. ఒకే దారి, ఒకే యెండ, ఒకే గమ్యము. అయినను లోపలివాడును మోయువాడును కలసి ప్రయాణము చేయుచున్నారని ఎవరును చెప్పరు. మనుష్యులు దగ్గరనుండుట వేఱు, కలసియుండుట వేఱు. ఈ భేదమును చదువరులు జ్ఞప్తియందుంచుకొందురుగాక.

కృష్ణా మండలమున సామాన్యులకు ప్రయాణము సుకరమైనది కాలువలవలన. బెజవాడకడ కృష్ణానదిపై ఆనకట్ట పని 1852లో మొదలై 1855లో ముగిసినది. దానినుండి చీలిన కాలువలు పొలములకు నీరిచ్చుటయే గాక పడవలకు దారియు నిచ్చినవి. బందరు కాలువ వాటిలో ముఖ్యమైనది. ధాన్యము, ఉప్పు, కలప, మనుష్యులు — అందఱకును అదియే మార్గము. గాలి అనుకూలించినపుడు తెరచాప ఎత్తుదురు. లేనపుడు గట్టుమీదనుండి మనుష్యులు త్రాళ్లతో లాగుదురు. వేసవిలో మరమ్మతులకై కాలువలు కట్టివేసిన దినములలో పడవలు నిలిచిపోవును. అపుడు మరల ఎడ్లబండ్లే శరణ్యము.

ఆ పడవ ప్రయాణమునందు లాకులనునవి మా విషయమునకు ముఖ్యములు. కాలువ పైభాగమున నీరు ఎత్తుగానుండును, క్రిందిభాగమున పల్లముగానుండును. పడవ ఈ రెంటి నడుమనున్న తొట్టివంటి కట్టడములో ప్రవేశింపగానే లస్కరు వెనుకటి తలుపులు మూయును. నీటిని మెల్లగా వదలి, లోపలి మట్టము ఆవలి మట్టముతో సరియైన తరువాతనే ముందరి తలుపులు తెఱచును. ఇది తొందరపెట్టినను తొందరపడని పని. ముందు మఱి నాలుగు పడవలున్నచో మన వంతు వచ్చువఱకు ఆగవలసినదే. ప్రయాణికులు గట్టుమీదికి దిగుదురు; ఒకరు పొయ్యి రాజవేయుదురు; ఒకరు చుట్ట ముట్టింతురు; వరుని వెదకువానికి వరుని సమాచారము దొరకును; ఎద్దులను కొనదలచినవానికి బేరము కుదురును. నీటి మట్టములు సమమగునంతలో మనుష్యుల నడుమ కొంత సమత్వము కలిగెననిన అతిశయోక్తి కాదు. ఆ మైత్రిని కలిగించినది పడవ గాదు, పడవ నిలిచిపోవుట.

అయినను ఇచటనే యొక కఠినమైన మాట చెప్పక తప్పదు. ఆ గట్టుమీద పొయ్యి రాజవేసినవారందఱును ఒక పొయ్యికడ కూర్చుండలేదు. సత్రములు గట్టించిన ధర్మాత్ములు పెక్కుమంది యుండిరి. కాని ఆ సత్రములలో ఎవరికి అన్నము, ఎవరికి అరుగు, ఎవరికి ఆ అరుగు క్రింది నేల అను విభాగము కులమునుబట్టి జరిగినది. దారిప్రక్క బావి అందఱకును కనబడును, అందఱును తోడుకొనరాదు. పూర్వపు ప్రయాణములలోని ఆత్మీయతను పొగడువారు ఈ సంగతిని విడిచి చెప్పుట న్యాయము కాదు.

మన దేశమున బాటసారి యొంటరితనమునకు ఇంతకంటె కఠినమైన నిదర్శనము మాకు కానరాదు: 1901లో పదేండ్ల బాలుడగు భీమరావు అంబేద్కరు తన యన్నతోను మేనల్లుండ్రతోను సతారానుండి తండ్రికడకు పోవుటకు రైలెక్కెను. మసూరు స్టేషనులో దిగిరి. పంపిన జాబు తండ్రికి సకాలమున చేరలేదు. ఎదురుగా ఎవరును రాలేదు. ఈ బాలురు మహార్ కులమువారని తెలిసినంతనే ఏ బండివాడును ఎక్కించుకొనుటకు సమ్మతింపలేదు. తుదకు రెట్టింపు బాడుగ యిచ్చి, బాలురే బండి తోలుకొనునట్లును, బండివాడు ప్రక్కన నడచునట్లును ఒప్పందమైనది. వెంట అన్నమున్నది, త్రాగుటకు నీరు దొరకక ఆకలితోనే పండుకొనిరి. ఈ వృత్తాంతమును అంబేద్కరుగారే పెద్దవారైన పిదప వ్రాసిరి. ఆ బండి చుట్టును మనుష్యులు లేకపోలేదు. బండివాడు ప్రక్కననే నడచుచున్నాడు. అయినను ఆ బాలుర కంటె ఏకాకులైన ప్రయాణికులెవరు?

ఇట్టి స్థితిని మార్చుటలో సంస్కర్తల యుపన్యాసములతోపాటు యంత్రములును పనిచేసినవి. రైలుపెట్టెలో చీటి కొన్నవానికెల్ల బల్లమీద చోటుండెను. పిదప బస్సులోను అంతే. ప్రక్కవాని కులము నడుగుచు కూర్చున్నచో బండి పోవును గాని తాను పోడు. అయినను యంత్రమొకటే చాలలేదు. చెన్నరాష్ట్రపు శాసనసభ 1938లో చేసిన చట్టము బహిరంగ జలాశయములతోను మార్గములతోను పాటు ప్రయాణసాధనములను వాడుకొనుటయందు గూడ అస్పృశ్యత పాటింపరాదని శాసింపవలసి వచ్చెను. 1950లో అమలులోనికి వచ్చిన రాజ్యాంగము అస్పృశ్యతనే రద్దుచేసినది. చట్టము వ్రాసినంత మాత్రమున బల్లలన్నియు సమములు కాలేదు. కాని బస్సులో భుజమునకు భుజము తగిలి కూర్చుండిన తరమునకు, మునుపటి తరము కలనైనను ఊహింపని యొక అభ్యాసము కలిగినది: ఎవరో తెలియని మనుష్యుని ప్రక్కన గంటసేపు మర్యాదగా నుండుట.

రెండవ ప్రపంచయుద్ధకాలమున పెట్రోలునకు కఱవు వచ్చినపుడు మన బస్సులు బొగ్గుతో నడచినవి. బస్సు వెనుక నొక కొలిమివంటి యంత్రము. అందు నిప్పు సరిగా రాజినగాని బండి కదలదు. ప్రయాణికులు దిగి చెట్టునీడను కూర్చుండి యంత్రమును, ప్రభుత్వమును, హిట్లరును కలిపి తిట్టుకొనెడివారు. అదే కాలమున అమెరికా దేశమున మఱియొక వింత జరిగినది. 1943లో ఆ ప్రభుత్వము ప్రకటించిన గోడపత్రమొకటి, కారులో ఒంటరిగా పోవువాడు హిట్లరును ప్రక్కన కూర్చుండబెట్టుకొని పోవుచున్నట్లు చిత్రించినది. పెట్రోలు మిగులుటకై పొరుగువారు కలసి యొకే కారులో పోవలయునని దాని భావము. కారునందలి ఖాళీ చోటు సంఘమునకు సంబంధించిన విషయమని ఒక ప్రభుత్వము బహిరంగముగా చెప్పుట గమనింపదగినది. యుద్ధము ముగిసినది, ఆ బోధయు ముగిసినది.

స్వాతంత్ర్యానంతరము కృష్ణా జిల్లా బస్సులు భారతదేశపు న్యాయచరిత్రమునకే యొక పాఠము నేర్పినవి. 1958 జనవరి 11న ఆంధ్రప్రదేశ్ రోడ్డు రవాణా సంస్థ యేర్పడెను. ఈ జిల్లాలోని ప్రైవేటు బస్సు మార్గములను ప్రభుత్వపరము చేయు పథకమును బస్సు యజమానులు ప్రతిఘటించిరి. వారి యాక్షేపణలను వినినది రవాణాశాఖ కార్యదర్శి; నిర్ణయము చేసినది ఆ శాఖను నిర్వహించుచున్న ముఖ్యమంత్రి. గుల్లపల్లి నాగేశ్వరరావు వ్యాజ్యమని పేరుపడిన అభియోగమున 1958 నవంబరులో సుప్రీముకోర్టు ఆ పద్ధతి చెల్లదనెను. ఒకరు విని మఱియొకరు నిర్ణయించినచో, ఎదుట నిలిచి చెప్పుకొనుట వట్టి తంతు అగునని న్యాయమూర్తుల యభిప్రాయము. తరువాత బస్సులు ప్రభుత్వపరమైనవి. అది వేఱు సంగతి. ఎదుటివాని ముఖము చూచి వినుటకు బదులు మఱియేదియు లేదను సూత్రము ఈ డెల్టా రోడ్డుమీది బస్సుల తగవులో స్థిరపడినదని మేము కొంత గర్వముతో చెప్పుకొనుచున్నాము. మా ప్రస్తుత విషయమునకును ఆ సూత్రమే ప్రాణము.

ఇక కారు. చాలకాలము మన యూళ్లలో కారనగా అంబాసిడరు. అదియు అద్దెకు వచ్చునది. పెండ్లికో, ఆసుపత్రికో తప్ప సామాన్యులు దాని నెక్కలేదు. ఎక్కిననాడు ఎనమండుగురో పదుగురో ఇఱికి కూర్చుండిరి. ఒడిలో బిడ్డలు, బిడ్డల ఒడిలో పండ్లబుట్టలు. 1983 డిసెంబరులో మారుతి కారు వెలువడినది. 1991 తరువాత ఆర్థికవిధానములు మాఱినవి. అప్పులిచ్చు బ్యాంకులు ఇంటికే వచ్చినవి. కారు కుటుంబమునకు సొంతమైనది. పిదప కుటుంబము చిన్నదైనది. పిల్లలు హైదరాబాదునకు, బెంగుళూరునకు, అమెరికాకు పోయిరి. కారు మిగిలినది; అందు కూర్చుండువారు తగ్గిరి.

కారు మననుండి తీసికొన్నది ప్రక్కవాని భుజమును మాత్రమే కాదు, ఆగుటను తీసికొన్నది. కాలువకు లాకు, బండికి సత్రము, రైలునకు స్టేషను, బస్సునకు కూడలి — ప్రతి వాహనమునకును ఒక నిలుపు గలదు. కారునకు ఇంటిగుమ్మమే మొదటి నిలుపు. గమ్యపు గుమ్మమే కడపటి నిలుపు. మొదట ఒక సన్నని పోగు మిగిలియుండెను: దారి యడుగుట. తెలియని యూరు పోవువాడు పామర్రులో అద్దము దించి “కూచిపూడికి ఎటు పోవలెనండీ?” అని యడిగెడివాడు. చెప్పువాడు దారి చెప్పి యూరకుండునా? “ఎవరింటికి?” అని యడిగి, ఆ యింటివారు ఊరిలో నున్నారో లేదో గూడ చెప్పెడివాడు. ఇపుడు చేతిలోని ఫోను దారి చెప్పుచున్నది; ఎవరింటికని అడుగదు. సుంకపు ద్వారముకడ చిల్లరకై రెండు మాటలైన నుండెడివి. 2021 ఫిబ్రవరినుండి ఫాస్టాగు తప్పనిసరియైనందున అవియు లేవు. ఒక్కొక్కటి సౌకర్యమే. అన్నియు కలిసినపుడు, మనుష్యుడు తన యింటినుండి డెబ్బది కిలోమీటర్లు పోయి ఒక్క మనుష్యునితోనైనను మాటలాడక తిరిగి రాగలడు.

దీనివలన నష్టమేమని కొందఱు అడుగుదురు. ప్రపంచ ఆరోగ్యసంస్థ నియమించిన సంఘము 2025 జూన్‌లో ప్రకటించిన నివేదికలో, లోకమున ప్రతి ఆఱుగురిలో ఒకరు ఒంటరితనముచే బాధపడుచున్నారనియు, దానికి సంబంధించిన మరణములు ఏటేట 8 లక్షల 71 వేలవఱకు నుండుననియు అంచనా వేసినది. ఇందులో కారు పాలెంతయని మేము లెక్క చెప్పము. కాని ప్రయాణమునుగూర్చి చికాగో నగరమున జరిగిన యొక పరిశోధన మా విషయమునకు సూటిగా తగులును. నికొలస్ ఎప్లీ, జూలియానా ష్రోడర్ అను విద్వాంసులు 2014లో దానిని ప్రకటించిరి. రోజూ రైలులో పనికి పోవువారిలో కొందఱిని ప్రక్కనున్న తెలియనివారితో మాటలాడుమనిరి; కొందఱిని ఒంటరిగా నుండుమనిరి. మాటలాడుట విసుగు పుట్టించునని జనులు ముందుగా తలచిరి. జరిగినది దీనికి విరుద్ధము: మాటలాడినవారి ప్రయాణమే ఎక్కువ ఆహ్లాదకరమైనది. ప్రక్కవానికి మనతో మాటలాడుట ఇష్టముండదని మనము తలచుచున్నాము. అతడును అట్లే తలచుచున్నాడు. ఇరువురును మౌనముగా నుందురు.

అట్లని కారును దూషించుట మా యుద్దేశము కాదు. అర్ధరాత్రమున పురుటినొప్పులు పడు స్త్రీకి కారు వరము. డయాలిసిస్‌కై వారమునకు మూడుమాఱులు విజయవాడకు పోవలసిన రోగికి కారు ప్రాణము. బస్సులోని రద్దీలో అవాంఛితమైన స్పర్శను సహించిన స్త్రీలనడుగుడు. ఆ సాంగత్యము పోయినందులకు వారు కన్నీరు కార్చరు. కూడలిలో “ఎవరి తాలూకు?” అను ప్రశ్న వెనుక కులమును కనుగొను నేర్పు పలుమాఱు దాగియుండెననియు మేమెఱుగుదుము. ఆ ప్రశ్నకు జంకినవానికి, ఎవరును ఏమియు నడుగని కారు ఒక విడుదల. కాబట్టి పూర్వపు సాంగత్యమును ఉన్నదున్నట్లు తిరిగి తెండని చెప్పువారితో మేమేకీభవింపము. అది బలవంతపు సాంగత్యము, విషమ సాంగత్యము. మనకు కావలసినది స్వేచ్ఛతోడి సాంగత్యము. అది తనంత వచ్చునది కాదు, మనము పూనుకొనవలయును.

పూనుకొనుట ఎచట మొదలిడవలయును? మొదట మన కారులోనే. ఆ కారులో ఒంటరివాడు తఱచుగా యజమాని కాడు, డ్రైవరు. మా పరిచితులలో ఒక వృద్ధదంపతులు పామర్రునకు సమీపగ్రామమున నున్నారు. బిడ్డలు విదేశమున నున్నారు. బిడ్డలు కొనియిచ్చిన కారు షెడ్డులో నుండును. నెలకు రెండుమాఱులు డ్రైవరును పిలిపించుకొని విజయవాడ ఆసుపత్రికి పోవుదురు. ఒకనాడు మేమును వారితో పోతిమి. వెనుక సీటులో మేము మువ్వురము లోకాభిరామాయణము చెప్పుకొనుచుంటిమి. ముందు సీటులో అతడు ఒక్కడు. మధ్యాహ్నము హోటలులో మేము భోజనము చేసి వచ్చితిమి. తిరిగివచ్చునపుడు ఉయ్యూరు దాటిన తరువాత ఆ వృద్ధురాలు హఠాత్తుగా “నాయనా, నీవు అన్నము తింటివా?” అని యడిగెను. అతడు “ఫరవాలేదమ్మా, ఇంటికి పోయి తింటాను” అనెను. మాకు నోట మాట రాలేదు. డెబ్బది యేండ్లుగా సంస్కరణములనుగూర్చి చదివినవారము, వ్రాసినవారము. మేము పల్లకిలో కూర్చుంటిమి, అతడు మోయుచుండెను. పామర్రులో కారు నాపించి నలుగురమును ఒక బల్లకడ కూర్చుంటిమి. అతని యూరు, అతని బిడ్డల చదువు ఆనాడు మాకు తెలిసినవి. నాటినుండి ఆ దంపతులు అతడు ముందుగా భోజనము చేసినగాని తాము చేయరు.

రెండవది, ఖాళీ చోటు. ఫ్రాన్సు దేశమున 2006లో బ్లాబ్లాకార్ అను సంస్థ మొదలైనది. ఒకే దారిన పోవువారికి తన కారులోని ఖాళీచోటు నిచ్చి ఖర్చు పంచుకొను ఏర్పాటది. ఎక్కువాడు తానెంత మాటకారియో ముందే తెలిపెడివాడు: తక్కువ మాటలాడువాడు ఒక ‘బ్లా’, మధ్యముడు రెండు, వాచాలుడు మూడు! దానినుండియే ఆ పేరు పుట్టినది. మౌనమునకును మాటకును రెంటికిని గౌరవమిచ్చిన ఈ పద్ధతి మాకు నచ్చినది. మన దేశమున సొంతకారులో కిరాయికి మనుష్యుల నెక్కించుకొనుట చట్టవిరుద్ధము. ఎఱిగినవారికి చోటిచ్చుట కాదు. ఒకే యూరినుండి ఒకే కార్యాలయమునకు పోవు ముగ్గురు మూడు కార్లలో పోవలసిన పనిలేదు. వారమునకొకదినమైనను బస్సెక్కిన వారి కొంపలు మునుగవు. 2025 ఆగస్టు 15న ఆంధ్రప్రదేశమున ఆడవారికి పల్లెవెలుగు మొదలైన బస్సులలో ఉచిత ప్రయాణము మొదలైనది. చీటి డబ్బులకై ఇంటిలో నెవరిని అడుగక బయలుదేరగల స్త్రీకి ఆ బస్సు వట్టి వాహనము గాదు.

మూడవది, నిలుపు. కలసి నిలుచుట అవమానకరమైనచో ఎవరు నిలుతురు? నీడలేని చోట, నీరులేని చోట, స్త్రీలకు మరుగులేని చోట, దీపము వెలుగని చోట నిలువుడని బోధించుట అన్యాయము. పూర్వులు పుణ్యమునకై సత్రములు కట్టించిరి. వారి లోపము అందఱకును సమముగా కట్టించకపోవుటయే. నేటి పంచాయతులును ధనవంతులును బస్సులు నిలుచు ప్రతిచోట ఒక నీడ, ఒక బల్ల, ఒక త్రాగునీటి కుళాయి, తాళము వేయని మరుగుదొడ్డి యేర్పఱచినచో, ఆ లోపము దిద్దిన సత్రమే అది. గుడిగోపురమునకు చందా యిచ్చువారు ఈ బల్లకును కొంత యియ్యవలయును.

వాహనమే మనుష్యుని వేఱుచేయునదియని తలచువారికి ఈ పామర్రు మండలమునుండియే ఒక యుదాహరణము చూపి ముగింతుము. ఈ మండలములోని నిమ్మకూరున పుట్టిన నందమూరి తారకరామారావుగారు 1982లో రాజకీయపక్షమును స్థాపించి, షెవర్లె వాహనమును మార్పించి దానికి చైతన్యరథమని పేరిడి రాష్ట్రమెల్ల తిరిగిరి. కుమారుడు హరికృష్ణ తోలెను. 1983 జనవరి యెన్నికలలో వారి పక్షము గెలిచినది. వారి రాజకీయములను ఒప్పుకొనువారును ఒప్పుకొననివారును చదువరులలో నుందురు; మా ప్రసంగము అది కాదు. వెండితెరపై తప్ప కానరాని మనుష్యుడు ఒక మోటారువాహనమునుండియే జనులకు చేరువయ్యెను. ఎట్లు? ఆ బండి నిలిచినది. పొలము గట్టుకడ నిలిచినది, కూడలికడ నిలిచినది, చేయెత్తిన చోట నిలిచినది. అద్దముల చాటున దాటిపోయిన బండికి ఆ ఫలము రాదు.

లాకుల తలుపులు మూసిన లస్కరు నీటిని తొందరపెట్టలేదు. పైనీరును క్రిందినీరును సమమగునంతవఱకు పడవ నాపెను. అపుడే దారి తెఱచెను. మన దారులకు నేడు లాకులు లేవు. ఎవరికి వారే లస్కరు కావలయును. ఈ వ్యాసమును చదివిన మిత్రులు మరల పామర్రుమీదుగా పోవునపుడు కూడలికడ ఒక్కమాఱు కారాపి, అద్దము దించి, డ్రైవరుతో కూడ దిగి టీ త్రాగుదురుగాక. ప్రక్కనున్నవానిని “ఏ యూరండీ మీది?” అని యడుగుదురుగాక. అచటనే ఆగుదురుగాక. “ఎవరి తాలూకు?” అను రెండవ ప్రశ్న మాత్రము అడుగవలదు.